పది సెకన్ల షాట్

"బోల్తాపడ్డ బస్సు షాట్లు వచ్చాయి. త్వరగా కట్ చెయ్యండి గురువుగారూ, పావుగంటలో వార్తలు!" ప్రొడ్యూసరమ్మ ఎడిటింగ్ గదిలో నా కుర్చీ వెనకే నిలబడింది.

మూడో షాట్‌లో పగిలిన కిటికీ, అందులోంచి వేలాడుతున్న చెయ్యి. ఆ మణికట్టుకు మా ఆవిడ పాత గడియారం. పొద్దున్న కాలేజీకి వెళ్తుంటే మా అమ్మాయికి నేనే పట్టీ బిగించాను.

ఆవిడ పోయాక నాకు మిగిలింది ఆ పిల్లే. ఎలాగో షాట్‌ను ముందుకు జరిపాను. రెండు సెకన్లకే బొమ్మ ఊగి, నేలను చూపించి ఆగిపోయింది.

"మళ్ళీ సగంలో ఆపేశాడు మీ అరసెకను!"

మా కుర్ర కెమెరామన్‌కి ఆ పేరు నేను పెట్టిందే. పది లెక్కపెట్టేదాకా కెమెరా కదపొద్దని అతన్ని రోజూ తిట్టేవాణ్ణి.

వెంటనే అతనికి ఫోన్ చేశాను. "ఆ కిటికీ దగ్గర... ఎందుకు ఆపావు?"

"తిట్టకండి సార్. ఆ చెయ్యి కదిలింది. కెమెరా కింద పడేసి పిల్లని బయటికి లాగాను. కాలు విరిగినట్టుంది, ప్రాణానికేం భయం లేదు. నాన్నా నాన్నా అని ఒకటే ఏడుపు."

"ఫోన్ తనకివ్వు నాయనా. ఆ నాన్నని నేనే."

ప్రొడ్యూసరమ్మ ఇంకా తెరవైపే చూస్తోంది. "రెండు సెకన్లే ఉందే, ఎలా?"

"అది చాలమ్మా," అన్నాను.