కాపురానికి పెట్టె

"మా క్లయింటు భార్యను ఏలుకుంటానంటున్నాడండీ. రాజీకి వాయిదా ఇప్పించండి," అన్నాడు ఇన్నయ్య తరఫు ప్లీడరు, ఎప్పటిలాగే.

మనోవర్తి కేసు పెట్టిన దగ్గర్నుంచీ లూర్దమ్మ ఈ మాటే వింటోంది. బెజవాడ కోర్టులో ఏలుకుంటానన్న ఇన్నయ్య, ఉయ్యూరులో గడప తొక్కనిచ్చేవాడు కాదు. ఎందుకు తొక్కనివ్వడో ఆమె చెబితే, సాక్ష్యమేదీ అనేవారు కోర్టులో.

ఈసారి వరండాలోంచి రేకుపెట్టె మోసుకొచ్చి బోను పక్కన పెట్టింది.

"ఇదేమిటమ్మా?" అన్నారు మేజిస్ట్రేటు గారు.

"కాపురానికి వెళ్తానండీ. ఇప్పుడే."

ఇన్నయ్య తన ప్లీడరు వంక చూశాడు. ప్లీడరు కాగితాల్లోకి చూశాడు.

"తీసుకెళ్లవయ్యా."

"ఇవాళ కుదరదండీ."

"ఏం?"

"ఇంట్లో ఇంకో మనిషుందండీ." ఇన్నయ్య నుదురు తుడుచుకున్నాడు. "పెళ్లేం చేసుకోలేదండీ, ఊరికే ఉంటోంది."

ప్లీడరు కళ్లు మూసుకున్నాడు. మేజిస్ట్రేటు గారు ఆ మాట రాసుకుని, "ఇక రాజీకి వాయిదాల్లేవు. రేపే విచారణ," అన్నారు.

బయట లూర్దమ్మ తమ్ముడు జోజి పెట్టె ఎత్తుకోబోయి తూలాడు.

"ఇదేంటక్కా, ఖాళీదా?"

"మీ బావ తీసుకెళ్లడని నాకెప్పుడో తెలుసురా," అంది లూర్దమ్మ. "కోర్టుకి తెలియాలిగా."