బోలు పూస

...లేదు, ఎటు తిప్పినా రంధ్రం లేదు. టీచర్ ఆ వెండి పూసను దీపం కింద మళ్లీ తిప్పి చూసింది. పైన అతికిన చిన్న పువ్వు ముచ్చటగానే ఉంది. రంధ్రమే లేదు. నగల తయారీ మొదటి క్లాసులోనే అందరికీ చెప్పింది: బోలు పూసకు సూదిమొనంత రంధ్రమైనా ఉండాలి. కడిగినప్పుడు లోపల నీటిచుక్క చిక్కుకుంటుంది. బయటికి దారి లేకపోతే, మంట తగలగానే ఆవిరై పూసను పేల్చేస్తుంది. ముక్కలు కళ్లలోకే వస్తాయి.

ఆరోజు "ఎవరి కళ్లలోకి?" అని అడిగింది ఒక్కతే, ఆమె తోటికోడలు. మంట పట్టుకున్నవాళ్ల కళ్లలోకి అని తను నవ్వుతూ చెప్పింది కూడా.

ఇప్పుడా తోటికోడలే పూస తెచ్చి చేతిలో పెట్టింది. "కొక్కెం నువ్వే మంటపెట్టి అతికించక్కా. నాకు చెయ్యి వణుకుతోంది."

వణుకేమీ కనపడలేదు. పెద్దకోడలికి చూపు తగ్గితే క్లాసు చిన్నకోడలు చూసుకుంటుందిలే అని మొన్న అత్తగారు అన్నప్పుడు, ఈ మనిషి తలొంచుకుని బఠాణీలు ఒలుస్తూ కూర్చుంది. ఒక్కమాట కాదనలేదు. చూపు తగ్గేదాకా ఆగలేకపోయిందా? ఎవరికి చెప్పినా పిచ్చిదంటారు.

"సొంతవాళ్లకు మీరే చేసిపెడితే ఎలా మేడం? మేమేం పాపం చేశాం?" అన్నాడు వెనక బల్ల దగ్గరున్న రిటైరైన బ్యాంకాయన. సరదాకి నేర్చుకోవడానికి వచ్చినవాళ్లంతా నవ్వారు.

టీచర్ ఆ మాటను అందిపుచ్చుకుంది. నీ పూసకు కొక్కెం నువ్వే అతికించుకో అంటూ తిరిగిచ్చేసింది. కావాలనే చేసిన మనిషైతే ఇక్కడ వెనక్కి తగ్గాలి.

తోటికోడలు తగ్గలేదు. పూసను ఇటుక మీద పెట్టి, గ్యాస్ టార్చ్ వెలిగించి, ముఖం బాగా దగ్గరకు వంచింది. నీలిమంట పూసను నాకుతోంది.

అయితే ఈ పిల్ల రంధ్రం పెట్టడం మర్చిపోయిందంతే. చెప్పాలి. వెండి ఎర్రబడబోతోంది. టీచర్ వీపుకు గోడ చల్లగా తగిలింది. ఎప్పుడింత వెనక్కి వచ్చింది? బల్లమీది రక్షణ కళ్లద్దాలు ఎప్పుడు పెట్టుకుంది?

ఒక్క ఉదుటున వెళ్లి గ్యాస్ కట్టేసింది.

"ఏమైందక్కా?"

"రంధ్రం లేదు. పేలిపోయేది."

"ఉందిగా." తోటికోడలు పట్టకారుతో పూసను తిప్పి, పువ్వు రేక చాటున రంధ్రం చూపించింది. "పైకి కనపడితే బాగుండదని ఇక్కడ పెట్టాను. నువ్వు మెచ్చుకుంటావనుకున్నా..."

టీచర్ ముఖానికున్న రక్షణ కళ్లద్దాల వైపు చూసింది.

"రంధ్రం లేదనుకునే తిరిగి నా చేతికిచ్చావా అక్కా?"