శేషగిరి చేసిన కవచం

బడులన్నీ కంప్యూటరు ఆటలోకి మారి పదేళ్లయింది. గనుల పాఠం చెప్పాలంటే సుభాషిణి టీచరు కళ్లజోడు పెట్టుకుని, ఆ గళ్ల లోకంలో పిల్లల్ని గుహలోకి తీసుకెళ్లాల్సిందే.

ఆరోజు నీలవేణి ఒక్కతే కవచం లేకుండా వచ్చింది. లోపల దెబ్బ తిని పడిపోతే, ఏడాదంతా తవ్విన రాళ్లూ, వాటి మార్కులూ పోతాయి.

"నీ కవచం ఏదే?"

"మా తమ్ముడు గొర్రెకి తొడిగాడండీ. ఊడి రావట్లేదు."

అందరూ నవ్వారు. టీచరు తన పెట్టె వైపు చూసింది. అందులో నిరుడు కన్నుమూసిన భర్త శేషగిరి ఈ ఆటలోనే చేసిన ఇనుప కవచం ఉంది, అంచున ఆయన పేరుతో. దెబ్బలకు అరిగి మాయమైపోతుందని ఆమె దాన్ని ఒక్కసారీ తొడుక్కోలేదు.

తీసి నీలవేణికి ఇచ్చింది.

గుహలోంచి బయటికొచ్చాక నీలవేణి దాన్ని రెండు చేతులా అందించింది. "బాణం తగిలి పగిలిందండీ. నా ఇనుము కరిగించి అతుకు వేశాను, మళ్లీ గట్టిపడింది. బాగుచేసినవాళ్ల పేరు కూడా పడుతుందని తెలియదండీ."

"మరి నీ ఇనుము మార్కులు?"

"మళ్లీ తవ్వుకుంటానండీ."

శేషగిరి పేరు కింద నీలవేణి పేరు ఉంది. టీచరు దాన్ని పెట్టెలో పెట్టకుండా తరగతి గుమ్మం పక్కన కొక్కేనికి తగిలించింది.

"రేపు ఎవరికి కావాలర్రా?"