ఇసోహమ స్టాండ్ ముందు

ఆట ముగిసింది. కురమోచి తెత్సురో గోల్ వెనక స్టాండ్ ముందుకు నడిచి వెళ్లి, నడుం వంచాడు. వంచినవాడు మళ్లీ లేవలేదు.

ఆట అయ్యాక అభిమానుల ముందు వంగడం ఆటగాళ్లందరూ చేసేదే. గెలిస్తే క్షణం వంగి లేస్తారు, ఓడితే ఇంకాస్త సేపు ఉంటారు. ఇంతసేపు వంగినవాణ్ణి ఆ స్టాండ్ ఎప్పుడూ చూడలేదు.

స్టాండ్ నిండా ఇసోహమ జనమే. చేపల డబ్బాల ఫ్యాక్టరీలో పనిచేసేవాళ్లు, వలలు బాగుచేసేవాళ్లు, రేవులో బరువులు దించేవాళ్లు. ఇసోహమ జట్టుకు ఇవాళ డ్రా అయినా సరిపోయేది, రెండో డివిజన్‌లో మిగిలేది. ఓడితే మూడో డివిజన్. అలా పడితే ఆటగాళ్ల హాస్టల్ మూసేస్తానని ఫ్యాక్టరీ యజమాని ముందే చెప్పేశాడు. డబ్బున్నవాళ్లు మిగతా మాటలు తప్పినా ఇలాంటివి తప్పరు.

ఇసోహమ ఓడిపోయింది. ఆఖరి నిమిషంలో పడిన ఒక్క గోల్‌తో. బంతిని ఆ వలలోకి పంపింది తెత్సురో కాలే.

కార్నర్ నుంచి లేచిన బంతి అందరి తలలూ దాటి గోల్ రెండో స్తంభం దగ్గర పడింది. కార్నర్ కొడితే తెత్సురో ఉండేది అక్కడే. కుర్రతనం నుంచీ అదే అలవాటు. బుర్ర వద్దనే లోపే కాలు కదిలిపోయింది. వల ఊగింది. తెత్సురో రెండు చేతులతో తల పట్టుకుని కూలబడ్డాడు. ఎవరో భుజం మీద చెయ్యి వేస్తే విదిలించుకున్నాడు.

గోల్‌కీపర్ యాగి బోర్లా పడి ఉన్నాడు. హాస్టల్‌లో వాళ్లిద్దరూ చాలా ఏళ్లు ఒకే గదిలో ఉన్నారు. యాగి మెల్లగా లేచాడు.

"నువ్వక్కడికి వస్తావని నాకు తెలియకపోతే ఇంకెవడికి తెలుస్తుందిరా?" అన్నాడు. "తెలిసి కూడా అటు చూడలేదు."

అంతే అని, బంతి తీసి మధ్యకు విసిరేశాడు. తిట్టి ఉంటే బాగుండేదని తెత్సురోకు అనిపించింది.

పద్దెనిమిదేళ్ల వయసులో, ఒక సంచీతో ఈ రేవు ఊళ్లో దిగాడు తెత్సురో. ఆడేది మైదానం మధ్యలో. ఎదుటివాడి దగ్గర బంతి లాక్కోవాలి, మనవాడికి ఇవ్వాలి, మళ్లీ పరిగెత్తాలి. పేపర్లో ఫొటో పడే పని కాదది. జాతీయ జట్టు నుంచి పిలుపు ఎన్నడూ రాలేదు. టోక్యో నుంచి మాత్రం ఒక పెద్ద క్లబ్బు పిలిచింది. వెళ్లలేదు. ఈ ఊరు అతన్ని నెత్తిన పెట్టుకుంది. చేపల కొట్లో డబ్బులు తీసుకునేవాళ్లు కారు. ముప్పై దాటాక మోకాలు మొరాయించింది. డిసెంబరు వస్తే అలాంటివాళ్లను క్లబ్బు ఆఫీసుకు పిలుస్తారు. టీ ఇస్తారు. ఇన్నాళ్లూ చాలా కష్టపడ్డారంటారు. ఆ టీ తెత్సురో కూడా తాగాడు.

స్టాండ్ ముందు వరసలో చేపల కొట్టు నెజు నిలబడి ఉన్నాడు. ప్రతి మ్యాచ్‌కీ డప్పు కొట్టేది అతనే. డప్పు కింద పెట్టి రెయిలింగు పట్టుకున్నాడు.

"ఏళ్ల తరబడి గొంతు చించుకున్నాం కదరా, ఒక్క గోల్ కొట్టరా తెత్సూ అని. నీకు ఇవాళే కుదిరిందా?"

వెనక ఎవరో నవ్వబోయి ఆగిపోయారు.

"ఆ చొక్కాతో మా ముందు నిలబడ్డానికి మొహం ఎలా చెల్లిందిరా నీకు?" అన్నాడు నెజు.

ట్రైనర్ పరుగున వచ్చి, అక్కడ అందరూ ఆగి ఉన్నారని, రమ్మంటున్నారని చెవిలో చెప్పాడు. తెత్సురో తల అడ్డంగా ఊపాడు. నెజు తిట్లు అతను పడగలడు. వేరే ఒక మనిషి మొహం తిప్పుకుని వెళ్లిపోతుందేమోనన్నదే అతని భయం.

ఆ మనిషి ఒకినో. హాస్టల్‌లో వంట చేస్తుంది. ఆటగాళ్లందరికీ పిన్ని. వచ్చిన కొత్తల్లో ఇంటి మీద బెంగతో తెత్సురో అన్నం ముట్టకపోతే, మిసో చారు వేడిచేసి ఎదురుగా కూర్చుని తాగించింది. మోకాలికి కట్లు కట్టింది. పెళ్లి మాట మొదట ఆమెకే చెప్పాడు. హాస్టల్ మూసేస్తే ఆ వయసులో ఆమెను ఏ వంటింట్లోనూ పెట్టుకోరు. ఆమె కూడు తీసింది తన కాలే.

మెట్ల మీద చెప్పుల చప్పుడు కిందికి దిగి, రెయిలింగు దగ్గర ఆగింది.

"నడుం ఎత్తరా. ఆ మోకాలు అంతసేపు ఓర్చుకోదు."

తెత్సురో లేచాడు. ఒకినో కళ్లు ఎర్రగా ఉన్నాయి. మొహం మాత్రం తిప్పుకోలేదు.

"పిన్నీ, నేను..."

"ఒకటి చెప్పు. బంతి కాళ్ల దగ్గర పడితే తన్నకుండా ఉండగలవా నువ్వు?"

అబద్ధం చెప్పాలనిపించింది.

"ఉండలేను పిన్నీ."

"ఉండగలనని చెప్పుంటే చెంప పగలగొట్టేదాన్ని. అన్నం పెట్టి పెంచింది అందుకు కాదు," అంది ఒకినో. తర్వాత గొంతు తగ్గించింది. "నామీద కోపం తెచ్చుకోకు. ఇవాళ నీకోసం చప్పట్లు కొట్టలేను. వెళ్లు, వాళ్లు చూస్తున్నారు."

తెత్సురో చొక్కాతో మొహం తుడుచుకుని వెనక్కి తిరిగేసరికి, నిరుడు ఇసోహమ వద్దనుకున్న అతన్ని చేరదీసి, ఇవాళ అతని గోల్‌తోనే రెండో డివిజన్‌కు ఎక్కిన కొండ ఊరి జట్టు, అవతలి స్టాండ్ అంతా అతని పేరే పాడుతుండగా, అతన్ని గాల్లోకి ఎగరేయడానికి చేతులు చాచి నిలబడి ఉంది.