మూడు వందల పది తానులు

“మూడు వందల పది తానులు. కాళ్లొచ్చి నడిచిపోయాయా, రెక్కలొచ్చి ఎగిరిపోయాయా?”

కస్టమ్స్ అధికారి గొంతు పెంచలేదు. అందరూ స్టోరు బాబాయి అని పిలిచే స్టోర్‌కీపరును ఎక్కువ భయపెట్టింది అదే. కుట్టుమిషన్లు ఆగిపోయిన ఆ ఫ్యాక్టరీ గోడౌనులో, ఇరవై రెండేళ్లుగా బాబాయి కూర్చున్న కుర్చీలో ఇవాళ అధికారి కూర్చున్నాడు. బాబాయి చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

“మీ ఓనరు విదేశం నుంచి నాలుగు వందల తానుల గుడ్డ తెప్పించాడు. అంతా చొక్కాలు కుట్టి మళ్లీ విదేశాలకే పంపుతానని రాసిచ్చాడు గనక దమ్మిడీ సుంకం కట్టలేదు. ఇక్కడ ఒక్క మీటరు అమ్మినా నేరమే. ఓడెక్కిన చొక్కాలకు పట్టింది తొంభై తానులు. మిగతావేవి?”

“ఓనరుగారినే అడగండి సార్.”

“ఆయన ఫోను పదిరోజులుగా పలకడం లేదు. నీ చీటీలు మాత్రం బాగా పలుకుతున్నాయి. ప్రతి తానుకీ ‘కుట్టుకు ఇచ్చాం’ అని రాసుంది. ప్రతి చీటీ మీదా నీ సంతకమే.”

బాబాయి తల కొట్టుకున్నాడు. “సోమవారం పొద్దున్నే వారానికి సరిపడా ఖాళీ చీటీల మీద సంతకాలు పెట్టేస్తాను సార్. గుడ్డ తాను కదిలినప్పుడల్లా మెట్లెక్కి దిగాలంటే మోకాళ్లు మొరాయిస్తాయి. ఆ తర్వాత వాటి మీద ఎవరేం రాసుకున్నారో నాకేం తెలుసు?”

“మోకాళ్లు కాపాడుకుని మెడ అప్పగించావన్నమాట,” అన్నాడు ల్యాప్‌టాప్ ముందున్న చిన్న అధికారి. తలుపు దగ్గరున్న మరో ఇద్దరు కస్టమ్స్ వాళ్లు నవ్వారు. “కథలు మాత్రం చెప్పకు పెద్దాయనా. కిందటి నెల ఒకడు నేరం మా ఆఫీసు మీదికే నెట్టబోయాడు. ఇంకా లోపలే ఉన్నాడు.”

పెద్ద అధికారి ఒక తెల్ల గుడ్డముక్క ముందుకు జరిపాడు. సరుకు దిగిన రోజు సీలు వేసి దాచిన నమూనా అది.

“ఈ నేత మన దేశంలో ఏ మిల్లూ నేయదు. మాటిస్తున్నాను, విను. బయట ఎక్కడైనా సరే, ఈ గుడ్డ ఒక్క ముక్క చూపించు. కొన్నవాణ్ని పట్టుకుంటే అమ్మినవాడి పేరు వాడే కక్కుతాడు. నిన్ను సాక్షిగా రాసుకుని ఇంటికి పంపిస్తా. లేదంటే సాయంత్రం ఐదింటికి జీపెక్కాల్సిందే.”

బాబాయికి పోయిన ప్రాణం లేచొచ్చింది.

“అంతేనా సార్! బజారుకు తీసుకెళ్లండి. కళ్లకు గంతలు కట్టినా వేలితో తడిమి చెప్పేస్తాను. మా ఆవిడ కట్టుకున్న చీర రంగేదంటే తడుముకుంటాను గానీ, గుడ్డ దగ్గరా? పదండి, ఇప్పుడే...”

ఆత్రంలో పొలమారింది. అధికారి లేచి నీళ్లగ్లాసు అందించి, జబ్బ పట్టుకుని స్టూలు మీద కూర్చోబెట్టాడు. పడిపోకుండా బాబాయి ఆయన చొక్కా చేతిని మణికట్టు దగ్గర పట్టుకున్నాడు. దగ్గు తగ్గినా వదల్లేదు.

వదిలాక, గదిలో ఉన్నవాళ్లను ఒక్కొక్కరినీ చూశాడు. ముఖంలో నెత్తురు చుక్క లేదు.

“ఏం పెద్దాయనా, బయల్దేరదామా?”

“వద్దు సార్. బజారులో దొరకదు.”

“ఇప్పుడేగా ఎగిరి గంతేశావు?”

బాబాయి జేబులో ఫోను మోగింది. మాట్లాడమన్నాడు అధికారి. అవతల భార్య.

“ఏమండీ, పొద్దుట్నుంచీ మిమ్మల్ని నిలదీస్తున్నారట. తెలిసింది చెప్పేసి ఇంటికి రండి. ఎవరిని కాపాడదామని ఈ మొండితనం?”

“ఎవరికి చెప్పనే?”

“ఎదురుగా ఉన్నాయనకే చెప్పండి!”

“ఆయనకా,” అని గొణిగి ఫోను కట్టేశాడు.

అధికారికి జాలేసింది. స్టూలు దగ్గరికి వంగాడు. “ఎవరంటే నీకంత భయం?”

“సార్... కొన్నవాళ్లు పెద్దవాళ్లయితే?”

“ఎంత పెద్దవాళ్లయినా సరే, గుడ్డలూడదీసి కోర్టులో నిలబెడతా. చెప్పు.”

చిన్న అధికారి వేళ్లు మీటల మీద ఆగాయి. బాబాయి నోరు తెరిచాడు. తలుపు వైపు చూశాడు. మూసుకున్నాడు.

“తెలియదు సార్. అలాగే రాసుకోండి.”

“నీ ఖర్మ,” అన్నాడు అధికారి.

ఐదు కొట్టకముందే జీపెక్కించారు. అటొకరు, ఇటొకరు, మధ్యన బాబాయి. గతుకు వచ్చినప్పుడల్లా వాళ్ల భుజాలు తగులుతుంటే, ముళ్లు గుచ్చుకున్నట్టు ముడుచుకుపోయాడు.

వాళ్లందరి కొత్త తెల్ల యూనిఫాములూ ఆ గుడ్డవే.