వినయం రాసిన ఘాటు లేఖ

“‘దయచేసి’ తీసెయ్. దయ ఎందుకయ్యా? రేవు మీదే కదా?”

మంత్రిగారి కుర్చీలో కూర్చున్న పెద్దమనిషి గద్దించేసరికి గుమస్తా చేతిలో కలం ఉలిక్కిపడింది.

విదేశాంగ కార్యాలయంలో ఆ గుమస్తాని అందరూ ‘వినయం’ అంటారు. ముప్పై ఏళ్లుగా మిత్రదేశానికి లేఖలు రాసి రాసి, అతని కలం కాగితాన్ని ముట్టుకునే ముందు దానంతటదే వంగి దండం పెడుతుందని కింది అంతస్తులో చెప్పుకుంటారు. అబద్ధమని ఒట్టేసినవాళ్లు మాత్రం ఇంతవరకూ లేరు.

వంగక చస్తారా? ఈ దేశంలో దీపం వెలగాలంటే మిత్రదేశం మీట నొక్కాలి. రొట్టె కాలాలంటే వాళ్ల ఓడ రావాలి. ఎప్పుడో ఒక మంత్రి వాళ్ల జెండా ఎదుట తుమ్మాడట, మూడు రోజులు ఊరంతా చీకటి.

ఇప్పుడు వాళ్లు రేవునే అడిగారు, తొంభై తొమ్మిదేళ్లకు. వినయం కూతురూ అల్లుడూ రేవు వీధిలోనే వలలు బాగుచేసుకుని బతుకుతున్నారు. వాళ్ల గోడకు నోటీసు అంటించి వారమైంది. సోమవారానికి వీధి ఖాళీ కావాలి.

ఇవాళ పొద్దున మంత్రిగారు పైకి పిలిపించి, “అయ్యగారు చెబుతారు, రాసుకో” అని కిటికీ దగ్గరికెళ్లి నిలబడ్డారు. అయ్యగారెవరో వినయానికి తెలీదు. మాట మాత్రం అచ్చు వేసినట్టు శుభ్రంగా ఉంది. మంత్రినే నిలబెట్టాడంటే అధ్యక్షులవారి మనిషే అయ్యుంటాడనుకున్నాడు.

“‘అంగుళం కూడా ఇవ్వం.’ రాశావా?”

“రాశానండీ. చివర ‘అందుకు చింతిస్తూ’ అని...”

“చింతించకు. కొట్టెయ్.”

“వాళ్లకి కోపమొస్తే బాబూ?”

“రాదు.”

“కరెంటు?”

“పోదు. పూచీ నాది. ఇంకా ఘాటుగా రాయి. చదివితే మీ జనం చప్పట్లు కొట్టాలి.”

పెద్ద అధికారులకు జనం ఎప్పుడూ ‘మీ జనమే’. వినయం పట్టించుకోలేదు. ముప్పై ఏళ్లలో మొదటిసారి నడుం నిటారుగా పెట్టి రాశాడు. ఇది మా నేల. ఇవి మా నీళ్లు. మళ్లీ అడగకండి.

అయ్యగారు చదివి భేష్ అన్నారు. మంత్రిగారు నిలబడే సంతకం పెట్టారు. కలానికి మూత పెట్టడం కూడా మరిచిపోయారు. పాపం, ఈయనకీ అలవాటు లేదు కదా అనుకున్నాడు వినయం.

“మరి... సోమవారం పనులు?” మంత్రిగారు గొణిగారు.

“అవి నేను చూసుకుంటాను. నకళ్లు పత్రికలకు వెళ్లాలి. నువ్వు డెలివరీ పుస్తకం తీసుకురావయ్యా.”

వినయం మెట్లు దిగలేదు, దూకాడు. వరండాలో ఫోను అందుకున్నాడు.

“అమ్మడూ, మూటలు విప్పెయ్!”

“బండి వచ్చేసింది నాన్నా. ఆయన మంచం కూడా ఎక్కించేశారు.”

“దింపించు! నా చేత్తో రాశాను. ఇన్నాళ్లకి మనవాళ్లకి వెన్నెముక మొలిచిందే!”

“ఒట్టు?”

“నీ మీదొట్టు.”

అవతల కూతురు నవ్విందో ఏడ్చిందో తెలియలేదు. “బండివాణ్ని పంపించేస్తున్నా” అంది.

వినయం పుస్తకంతో పైకొచ్చాడు. ఆ ఆఫీసులో ఒక పద్ధతుంది. లేఖ ఎవరికి రాశారో వాళ్లే తీసుకుని పుస్తకంలో సంతకం పెట్టాలి. అప్పుడే అది చేరినట్టు. ‘మిత్రదేశపు రాయబారి గారికి’ అని రాసి, పక్కన తేదీ వేశాడు.

“నేనే పట్టుకెళ్లి ఇచ్చొస్తాను బాబూ. ఆయన మొహం చూడాలనుంది.”

మంత్రిగారు కిటికీ వైపు నుంచి తల తిప్పలేదు.

“ఎండలో ఎందుకులే” అన్నారు అయ్యగారు, పుస్తకం తనవైపు తిప్పుకుంటూ.

అందినట్టు సంతకం పెట్టారు.