పనికిరాని నిశ్శబ్దం

“అవన్నీ చెత్తలోకే మాస్టారూ. పదకొండింటికి బండి వచ్చేస్తుంది,” అంది కొత్త ఎడిటర్, పాత టేపుల పెట్టెను కాలితో జరుపుతూ.

మాస్టారు గబుక్కున వంగి పెట్టెను పట్టుకున్నాడు. డాక్యుమెంటరీలు ఎడిట్ చేస్తూ ముప్పై ఎనిమిదేళ్ళు ఈ గదిలోనే గడిపిన మనిషి. రిటైరయ్యాక ఇవాళే మళ్ళీ గడప తొక్కాడు. ఒకప్పుడు వరసగా మేకులు, మేకుమేకుకీ ఫిల్ము ముక్కలు వేలాడిన గోడకి ఇప్పుడు ఏసీ బిగించారు. అది చూసి ఆయన మనసు చివుక్కుమంది.

ఆమె టేపుల మీది చీటీలు చదివింది. “బడి వరండా, నిశ్శబ్దం, పనికిరాదు. రేవు, నిశ్శబ్దం, పనికిరాదు. అన్నీ మీ చేతిరాతే!”

“షూటింగయ్యాక అందర్నీ కదలకుండా నిలబెట్టి, ఆ చోటి నిశ్శబ్దాన్ని ఒక్క నిమిషం రికార్డు చేసేవాళ్ళం. సీను ముక్కల అతుకులు చెవికి తెలియకుండా వాటి కింద పరవడానికి.”

“మేమూ చేస్తాం. మరి పనికిరాకపోవడమేంటి?”

“మా సౌండు రికార్డిస్టుకి ఉబ్బసం. యూనిట్టంతా ‘కొలిమితిత్తి’ అనేవాళ్ళం. ఏ టేపు విన్నా ఆ తిత్తి చప్పుడే! మళ్ళీ తెమ్మని నేను, కుదరదని తిత్తి. ఇద్దరి మధ్యా పచ్చగడ్డి వేస్తే భగ్గుమనేది.”

చెబుతూ చెబుతూ పకపకా నవ్వాడు. ఆ రోజులంటే ఆయనకు ప్రాణం.

“పనికిరానివాటితో ఇప్పుడేం పని?”

“ఇంట్లో నిద్ర పట్టట్లేదమ్మా. వింటూ పడుకుందామని.”

చాదస్తం కాకపోతే ఏమిటనుకుంది. అయినా జాలేసింది. “చెత్తబండిలో తప్ప టేపులు గేటు దాటనివ్వరు. కాపీ చేసిస్తా,” అంటూ మూలనున్న పాత మిషను దుమ్ము దులిపి ఒక టేపు ఎక్కించింది.

గాలి. ఎక్కడో ఒక కాకి. వాటన్నిటి మీదా పిల్లికూతలు కలిసిన బరువైన ఊపిరి. పాపం, ఈ గోలలో పెద్దాయనకి నిద్రేం పడుతుంది!

“ఒక్క నిమిషం మాస్టారూ. కంప్యూటర్లో ఈ ఊపిరి తుడిచేసి, శుభ్రమైన నిశ్శబ్దం ఇస్తా. మీట నొక్కితే చాలు.”

ఆయన ఆమె చెయ్యి పట్టేసుకున్నాడు.

“వద్దు! నిశ్శబ్దం మా ఇంట్లో బోలెడుంది. కావలిస్తే అదే తుడిచెయ్. ఊపిరి ఉంచు.”

“తిత్తి ఊపిరా? అదెందుకండీ?”

“ఆ తిత్తి మా ఆవిడమ్మా... పోయి మూడు నెలలైంది.”